పదకొండో అంతస్తులో తోడు

నది అవతలి కొత్త ఫ్లాటుకు మారి నెల దాటినా తరులతాబెన్‌కు కాలు ఒకచోట నిలవడం లేదు. కుర్చీ కిటికీ దగ్గరికి లాక్కుంటుంది, కూర్చుంటుంది, అంతలోనే లేస్తుంది. పాత అహమ్మదాబాద్‌లో పోళ్ అని పిలిచే వాళ్ళ ఇరుకిళ్ళ సందులో అయితే అరుగు మీద చిక్కుడుకాయలు ముందేసుకోగానే పక్కిళ్ళ చేతులు వాటంతటవే వచ్చి చేరేవి. ఇక్కడ ఎన్ని ఒలిచినా తరగవు.

"గాలీ వెలుతురూ లేవని ఇన్నేళ్ళూ నన్ను సాధించావు," అన్నాడు భర్త హర్షద్‌భాయ్. "ఇప్పుడు కావలసినంత ఉందిగా."

"గాలి నాతో మాట్లాడదు కదండీ."

ఒక మధ్యాహ్నం ఉండబట్టలేక బస్సెక్కి పోళ్‌కు వెళ్ళింది. అరుగు మీది మంగళాబెన్ చూస్తూనే, "లిఫ్టు రాణిగారు నేలకు దిగారే," అంది. అందరూ నవ్వారు. తరులత ప్రాణం కుదుటపడింది. తన పాత చోటులో కూర్చుని కాయల పళ్ళెం కోసం చెయ్యి చాపింది.

"వద్దులే, చీర పాడవుతుంది," అంటూ మంగళ పళ్ళెం అవతలికి జరిపి, బంగారు అంచు కప్పులో టీ తెచ్చింది. పెళ్ళిచూపులవాళ్ళకు తప్ప ఆ కప్పులు బయటికి రావు.

"ఇవెందుకే? ఎప్పట్లా రకాబీలో పోస్తే చాలు."

"అంత దూరం నుంచి వచ్చినదానివి, అలా ఇస్తానా?"

మంగళ ప్రేమగానే అంది. తరులత మాత్రం టీ సగంలోనే వదిలి లేచింది. తిరుగు బస్సులో సీటు ఖాళీగా ఉన్నా కూర్చోలేక నిలబడే వచ్చింది.

లిఫ్టు దిగి, తన ఇంటికి వెళ్ళకుండా పక్కింటి గంట నొక్కింది. గొలుసు తియ్యకుండానే తలుపు తెరిచి, చంకలో పాపతో ఋత్వి అనే అమ్మాయి బెదురుగా చూసింది.

"మా బాత్‌రూమ్ నీళ్ళు మీ గోడలోకి దిగుతున్నాయా, మాసీ?"

"లేదమ్మా. పెరుగు తోడు కాస్త ఉంటే ఇస్తావా?"

ఋత్వి గొలుసు తీసింది. "ప్యాకెట్ పెరుగే ఉంది. దాంతో తోడుకుంటుందా?"

"వేసి చూద్దాం."

గిన్నెతో వచ్చిన భార్యను చూసి హర్షద్‌భాయ్, "ఫ్రిజ్ నిండా పెరుగుందే," అన్నాడు.

"ఉంటే ఉండనీండి."

ఉదయానికి పెరుగు గడ్డగా తోడుకుంది. సగం తీసుకెళ్ళి ఋత్వికి ఇచ్చింది. ఫోనులో ఆఫీసు వాళ్ళతో మాట్లాడుతున్న ఆ పిల్ల లోపలికి రమ్మనలేదు, తల మాత్రం ఊపింది. రోజంతా తరులత గదిలోంచి గదిలోకి తిరుగుతూనే ఉంది. అనవసరంగా మీదపడ్డానేమో అనుకుంది.

సాయంత్రం గంట మోగింది. జుట్టు రేగిపోయి ఋత్వి నిలబడి ఉంది. "మాసీ, పొద్దుటి నుంచి స్నానం చెయ్యలేదు. పది నిమిషాలు దీన్ని పట్టుకుంటారా?"

చేతులు మారగానే పాప గుక్కపట్టింది. తరులత దాన్ని భుజాన వేసుకుని నడవాలో ఆ చివరికీ ఈ చివరికీ తిరగసాగింది. ఏడుపుకు ఒక తలుపు తెరుచుకుంది, తర్వాత మరొకటి.

"ఎవరి పిల్లండీ, ఇంత గోల?" అన్నాడు చివరింటి పెద్దాయన విసుగ్గా.

"మన అంతస్తు పిల్లే," అంది తరులత ఆగకుండా. "కాస్త ఈ నడవా ఫ్యాను వెయ్యండి భాయ్, చెమట పట్టింది దీనికి."

ఆయన గొణుక్కుంటూనే స్విచ్చు వైపు నడిచాడు.