గుర్రం దిగిన చోటు

మాన్‌బోక్ మా ఆవిడకు అన్న. నది ఒడ్డున పార్కులో ప్రతి ఆదివారం మా కొరియా చదరంగంలో నన్ను ఓడిస్తాడు. ఓడించడం ఒక ఎత్తు, వెంటనే మా ఇంటికొచ్చి చెల్లెలికి చెప్పడం ఒక ఎత్తు. ఆ రోజు మాత్రం నా ఎర్ర గుర్రం ఒక్క గెంతు గెంతితే అతని ఆట కట్టు. చెయ్యి చాపాను.

"కదలొద్దు!"

విదేశీ అతిథుల వెంట తిరిగే ప్రభుత్వ గైడు రి కామ్రేడ్ అరిచాడు. పక్కన గడ్డం చిత్రకారుడొకడు, చంకలో కాగితాలు.

"ఈయన మన ప్యాంగ్యాంగ్‌లో రోజువారీ బతుకు గీస్తారట. మామూలుగా ఉండండి. బొమ్మ అయ్యేదాకా కదలకండి, ఆయనతో మాట్లాడకండి" అని నా చొక్కా మీది నాయకుడి బొమ్మ బ్యాడ్జీ సరిచేశాడు.

కదలకుండా మామూలుగా ఉండే విద్యలో మమ్మల్ని మించినవాళ్లు లోకంలో లేరు. గర్వంగానే చెబుతున్నాను. కానీ గెలుపును కళ్లెదుట పెట్టుకుని కదలకపోవడం నా వల్ల కాలేదు. కళ్లు పోయి పోయి ఆ ఒక్క చోటే వాలాయి.

"ఏం బావా, చెమటలు పడుతున్నాయా?" పెదవి కదపకుండా అడిగాడు మాన్‌బోక్.

"పట్టాల్సింది నీ రాజుకి."

"ఆట అయితే కదా! బొమ్మ అవగానే నేను పావులు సర్దేస్తా. గెలుపూ లేదు, ఓటమీ లేదు."

అన్నంత పనీ చేశాడు. రి చెయ్యి ఊపగానే పావులన్నీ సంచిలోకి ఊడ్చేశాడు.

రి బొమ్మను పట్టి పట్టి చూశాడు. బ్యాడ్జీలున్నాయి, బూట్లు మెరుస్తున్నాయి, మొహాలు నవ్వుతున్నాయి. "బాగుంది" అని మాకూ చూపించాడు.

బొమ్మలో నా గుర్రం గెంతేసింది! సరిగ్గా ఆ చోటే, నా వేలి కిందే ఉంది. పాపం, ఆ చిత్రకారుడికి మా ఆట రాదు. నా కళ్లు ఎక్కడున్నాయో చూసి గుర్రాన్ని అక్కడే పెట్టేశాడు, అంతే.

"తప్పు! గుర్రం అక్కడ లేదు కామ్రేడ్!" మాన్‌బోక్ గొంతు చించుకున్నాడు.

రి మెల్లగా తలెత్తాడు. "నేను చూసి సరేనన్న బొమ్మలో తప్పుందంటావా?"

మాన్‌బోక్ చప్పున చేతులు కట్టుకున్నాడు.

"లేదు కామ్రేడ్. అంతా ఉన్నదున్నట్టే ఉంది."

నా ఛాతీ ఇంత పొంగింది. ఎవరి ఊళ్లోనో, ఎవరి గోడ మీదో, నేను గెలిచి ఉంటాను. బావ భుజం మీద చెయ్యి వేశాను.

"పద బావా. ఇప్పుడన్న మాటే ఇంటికొచ్చి మీ చెల్లెలికి చెబుదువుగాని."