మరొక్కమారు

“ఒరే అసిరయ్యా, తెల్లారినకాడి నుంచీ నా కుడికన్ను అదురుతున్నాది. ఈ పాలికి ఆ మూడో వరస మీదికి ఎక్కకురా నాయినా!”

“నేను పుట్టినకాడి నుంచీ నీ కన్ను అదురుతానే ఉన్నాది గదే అమ్మా!” అని గజ్జెలు కట్టుకొనుచు గున్నమ్మ కుమారుఁడు నవ్వెను.

ఫాల్గుణమాసపు మధ్యాహ్నమున జీడిమామిడిపూఁత పరిమళమును మోసికొని వంశధారానదీమందమారుతము వీచుచుండ వక్షఃస్థలబద్ధములగు రేకుతప్పెటలను మ్రోయించుచు తప్పెటగుళ్లజట్టు ఒకరి భుజములపై నొకరుగా గోపురాకారము దాల్చుచుండఁగా ఎస్తోనియాదేశీయుఁడగు తార్మో దానిని చలనచిత్రముగాఁ దీయుచుండెను. పదునాలుగేండ్లు దేశదేశముల పల్లెనటుల యాటలనే చిత్రించియు, ఏ చిత్రమునకును నలువదిమందికి మించి ప్రేక్షకులు లేకున్నను విసుగెఱుంగని యనామకుఁడతఁడు.

అసిరయ్య శిఖరమున నిలిచి చేతులు చాఁచిన క్షణముననే రీలు ముగిసెను. అందఱును దిగి గజ్జెలు విప్పిన పిమ్మట తార్మో చేతులు జోడించి తనకు వచ్చిన కొలఁది తెలుఁగున “మరొక్కమారు” అని వేఁడెను. విప్పిన గజ్జెలు ఆ దినమున మరలఁ గట్టరాదని ఆ జట్టు కట్టడి. అతిథిమాట త్రోయలేక గురువు తలయూపెను. జట్టు మరల నెక్కెను; క్రొత్తరీలు తిరుగకమున్నే క్రిందివాని మోకాలు వడఁకి అసిరయ్య శిఖరమునుండి పడెను. ప్రొద్దుగ్రుంకకమున్నే అసిరయ్య ప్రాణములు విడిచెను. వేయినాళ్లు వృథాగా భయపడిన గున్నమ్మ భయము ఆ యొక్కనాఁడు వృథ కాలేదు.

తార్మో మరల కెమెరా ముట్టలేదు. ఎఱిఁగిన నలువదిమందియు నతని మఱచిరి. ఏటేట నొక జాబు తెలుఁగున వ్రాయించి “క్షమింపుమమ్మా” యని పంపెను. బడిపంతులు చదివి వినిపించెనే గాని గున్నమ్మ యొక్కదానికిని బదులీయలేదు.

పదునొకండవయేట తార్మో నెరసిన తలతోఁ దానే గున్నమ్మ యింటికి వచ్చి, కిటికీకి కంబళి గప్పి, సున్నపుగోడపై ఆ రీలు వేసెను. అసిరయ్య యెక్కెను. నిలిచెను. చేతులు చాఁచి నవ్వెను. అంతలో గోడ తెల్లనాయెను.

“అమ్మా, ఇది నేను ఎవ్వరికీ చూపలేదు. ఇది నీది” అని యతఁడు నేలపైఁ గూలఁబడెను.

ఆమె లేచి కొడుకు పాదములు నిలిచినచోట గోడపై అరచేయి యుంచి కదలకుండెను. ఇంకను చూడఁగోరుచున్నదేమో యని తార్మో తలఁచెను గాని ఆ పాతమాట నాలుకకు రాలేదు. రీలుపైఁ జేయివేసి కన్నులతోనే యడిగెను. పొయ్యిమీఁది గంజి పొంగి, పొరలి, చల్లాఱెను.

అప్పుడు గున్నమ్మ పలికెను.

“ఒద్దు బాబూ, మళ్లీ ఎక్కించకు. ఇందులో ఆడు పడనేదు గదా. అక్కడే ఉండనీ.”