రెనాటస్ తమ్ముడు

చిలకలగూడ చౌరస్తా దగ్గర ఫ్లెక్సీల షాపులో కల్యాణ్ డిజైనర్. పొద్దున లేస్తే అతని పని పేర్లతోనే. పుట్టినరోజు పిల్లల పేర్లు, పెళ్లికొడుకుల పేర్లు, గల్లీ లీడర్ల పేర్లు, పోయినవాళ్ల పేర్లు. ఒకే వారంలో ఏడుగురు ఆర్యన్‌లకు బర్త్‌డే ఫ్లెక్సీలు చేసి విసిగిపోయి, తన కొడుక్కి మాత్రం సికింద్రాబాదు మొత్తం మీద ఇంకెవడికీ లేని పేరు పెడతానని పంతం పట్టాడు. నాలుగు రోజులు నెట్‌లో వెతికి, అరుదైన లాటిన్ మగపిల్లల పేర్లన్న పేజీలో అడుగున ఎక్కడో పడి ఉన్న రెనాటస్‌ను పట్టుకొచ్చాడు. పక్కన అర్థం కూడా ఉంది, మళ్లీ పుట్టినవాడు అని. అర్థం సంగతి అతనికి అప్పట్లో పట్టలేదు. ఫ్లెక్సీ మీద పెద్దక్షరాల్లో ఆ పేరు ఎలా నిలబడుతుందో అంతవరకే చూసుకున్నాడు.

కల్యాణ్ భార్య నవత వాళ్లమ్మ శారదమ్మ చిలకలగూడలో పుట్టి పెరిగిన మనిషి, మొహమాటం ఎరగదు. "గిదేం పేరు బాబూ, దగ్గు మందు పేరు లెక్కుంది" అంది అల్లుడి మొహం మీదే. మెట్టుగూడ ఇంట్లో వీళ్లతోనే ఉండే నవత అత్తగారు నూకరత్నానిది విజయనగరం వైపు. ఆవిడ రెండుసార్లు అనబోయి, నోరు తిరగక, "రేనా అంటాన్లేరా" అని తేల్చేసింది. చివరికి అందరి నోళ్లలోనూ అదే నిలిచింది. నవతకు కూడా నచ్చింది. రేనా అంటే వాడు పాలు తాగుతూ తాగుతూ ఆగి కళ్లు పైకెత్తేవాడు.

ఆ పేరు విని నిజంగా సంబరపడింది మాత్రం కింది వాటాలో ఉండే గ్లోరియా టీచర్. బడి నుంచి రిటైరై, చర్చికీ ఇంటికీ మధ్య తిరిగే మనిషి. ఆ పేరుకు చాలా చరిత్ర ఉందని, రోమా కాలంలో బాప్తిస్మం తీసుకున్నవాళ్లు పెట్టుకునేవాళ్లని చెప్పి, దానితోపాటు ఒక కథ కూడా చెప్పింది. ఫ్రాన్స్ దేశంలో ఒక బిషప్ ఉండేవాడట. చావుబతుకుల్లో ఉన్న పసివాడి దగ్గరికి రమ్మని కబురొస్తే, పూజలో ఉండి ఆలస్యం చేశాడట. వెళ్లేసరికి వాడు పోయాడు. ఆ పాపం తనదేనని బిషప్ ఊరొదిలి పారిపోయి, ఎక్కడో పరాయి దేశంలో తోటమాలిగా బతికాడు. ఏడేళ్లకు ఊరివాళ్లు వెతికి పట్టుకుని తీసుకొస్తే, వాడి సమాధి దగ్గర మోకరించి ఏడ్చాడు. పసివాడు లేచి కూర్చున్నాడు. వాడికి పెట్టిన పేరే రెనాటస్.

"కథేలే అమ్మా, పెద్దవాళ్లు చెప్పుకునేది" అని నవ్వేసింది టీచర్. కల్యాణ్ కూడా నవ్వాడు. నవత మాత్రం రేనాను దగ్గరికి పొదువుకుంది. బతికున్న పసిగుడ్డును ఒళ్లో పెట్టుకుని వినాల్సిన కథ కాదది.

పదకొండో నెలలో రేనాకు జ్వరం వచ్చింది. మూడో రోజు మధ్యాహ్నం పోయాడు. ఎవరి తప్పూ లేదు. ఎవరి మీదైనా వేద్దామన్నా దొరకని చావు అది.

పసిపిల్లల్ని కాల్చరు, పూడుస్తారు. కర్మలు లేవు, పదకొండో రోజు లేదు, గోడ మీద ఫోటో లేదు, ఏడాదికోసారి తలుచుకోవడానికి తిథి లేదు. తీసుకెళ్లే ముందు నూకరత్నం పెనం అడుగున వేలు రాసి, ఆ మసితో వాడి ఎడమ మడమ మీద ఒక బొట్టు పెట్టింది. వాళ్ల వైపు ఆనవాయితీ అది. పోయినవాడు మళ్లీ అదే కడుపున పుడితే, ఆ చోట మచ్చ ఉంటుందట. "ఎనక్కొచ్చినప్పుడు ఆనవాలు తెలవాల గదా" అంది ఏడుస్తూనే. నవత ఆ మాట చెవిన వేసుకోలేదు. కల్యాణ్ వేసుకున్నాడు.

వాడి మొదటి పుట్టినరోజు ఫ్లెక్సీ అప్పటికే తయారై షాపు కంప్యూటర్లో ఉంది. ప్రింటు కొట్టడమే తరువాయి. నెల రోజులు కల్యాణ్‌కు ముద్ద దిగలేదు. టీ నీళ్ల మీద బతికాడు, చెంపలు లోపలికి పోయాయి. తర్వాత ఒకరోజు ఫోన్లో ఆ పాత పేజీ తెరిచి నవత ముందు పెట్టాడు. "చూశావా? పేరులోనే ఉంది. మనకి ముందే చెప్పింది. ఆ టీచర్ చెప్పింది కూడా అదే కదా." నవత కంచం తెచ్చింది. అన్నం తింటే చాలనుకుంది. ఆ రోజు అనాల్సిన మాట అనకపోవడం ఎంత తప్పో తర్వాత గానీ తెలియలేదు.

ఏడాదిన్నరకు మళ్లీ కొడుకే పుట్టాడు. నర్సు బట్టలో చుట్టి బయటికి తెచ్చిందో లేదో నూకరత్నం అందుకుని, బట్ట విప్పి మడమలు చూసి, "ఆడేరా. ఉంది మచ్చ" అంది. కల్యాణ్ ఆసుపత్రి వరండాలో అందరూ చూస్తుండగా కూలబడి ఏడ్చాడు. ఆ పూట క్యాంటీన్లో రెండు ప్లేట్లు అన్నం తిన్నాడని శారదమ్మ లోపలికొచ్చి చెప్పింది. నవత తర్వాత వెలుతురులో పెట్టి రెండు మడమలూ చూసింది. ఎర్రగా, నున్నగా, ఏమీ లేకుండా ఉన్నాయి. అత్తగారిని అడిగితే, "నీకగుపడదులే" అని తల తిప్పుకుంది.

ఐదు నెలలు తల్లిగారింట్లో ఉండి మెట్టుగూడ వచ్చేసరికి నవతకు అసలు సంగతి అర్థమైంది. ఇంట్లో అవే చొక్కాలు, అదే ఉయ్యాల, అదే పిలుపు. అత్తగారు రేనా అంటుంది, కల్యాణ్ రేనా అంటాడు, వాళ్లను చూసి గల్లీలో పిల్లలు రేనా అంటారు. పెద్దోడిది సాఫు జుట్టు, వీడిది ఉంగరాల జుట్టు. పెద్దోడు అందరి చంకా ఎక్కేవాడు, వీడు కొత్త మొహం చూస్తే ఇల్లు ఎగిరిపోయేలా ఏడుస్తాడు. ఒకసారి నోరు జారి "మా చిన్నోడు" అంది. కల్యాణ్ చేతిలోని కంచం కింద పెట్టేశాడు.

"చిన్నోడేంటి? ఇద్దరున్నారా మనకి? వాడు వెళ్లాడు, వచ్చాడు. అంతే."

"ఇద్దరే కల్యాణ్. నేను ఇద్దర్ని కన్న."

అతను కంచం ముట్టుకోలేదు. మర్నాడు కూడా తినలేదు. మూడో రోజు నూకరత్నం ఆ మాట మళ్లీ అనొద్దని కోడలి గడ్డం పట్టుకుని బతిమాలింది. అప్పటి నుంచి నవత పిల్లవాణ్ని కన్నా అని మాత్రమే పిలిచేది. ఆసుపత్రి ఇచ్చిన పుట్టిన సర్టిఫికెట్లో పేరుండాల్సిన చోటు ఖాళీగానే ఉంది. పేరెక్కిద్దామని ఎప్పుడడిగినా, వాడికి సర్టిఫికెట్ ఉంది కదా అని కల్యాణ్ పాతది చూపించేవాడు. ఇంట్లో ఇద్దరు కొడుకులకు కలిపి ఒకే పేరు, ఒకే కాగితం. పోయినవాడికి చావు లేదు, ఉన్నవాడికి పుట్టుక లేదు. నవతకు కావాల్సింది పెద్దదేమీ కాదు. పెద్దోణ్ని పెద్దోడిలా తలుచుకుని ఏడవాలి, చిన్నోణ్ని చిన్నోడిలా పిలవాలి.

తొమ్మిదో నెల టీకాకు ఇద్దరూ కలిసి గల్లీ చివరి ఆరోగ్య కేంద్రానికి వెళ్లారు. కొత్త కార్డు కనబడలేదని కల్యాణ్ ఒక కార్డు తీసి సిస్టర్‌కు ఇచ్చాడు. ఆమె తిప్పి చూసి, "తట్టు టీకా అయిపోయింది కదమ్మా. తొమ్మిదో నెలది రాసే ఉంది" అంది.

"నేను చెప్పాను కదా, వాడికి అన్నీ అయిపోయాయని" అన్నాడు కల్యాణ్. మొహంలో మోసం లేదు. పిల్లవాడికి సూది తప్పిందన్న తండ్రి సంతోషమే ఉంది. అబద్ధమాడే మనిషైతే నిలదీయొచ్చు. ఇతను నమ్ముతున్నాడు.

"సిస్టర్, ఆ కార్డు మా పెద్ద బాబుది" అంది నవత. "వాడు చచ్చిపోయిండు. వీడు రెండోడు. వీనికి ఇయ్యలే."

వరుసలో ఉన్న తల్లులంతా ఇటు తిరిగారు. సిస్టర్ కొత్త కార్డు తీసింది. "బాబు పేరేంది?"

"ఇంక పెట్టలే."

బేబీ ఆఫ్ నవత అని రాసి సూది వేసింది. పిల్లవాడు గుక్కపెట్టాడు. కల్యాణ్ అప్పటికే బయటికి నడిచిపోయాడు. వారం రోజులు మాట్లాడలేదు. అయినా మాటా పలుకూ లేకుండానే పిల్లవాణ్ని ఎత్తుకుని మేడ మీద తిప్పేవాడు, రైళ్లు చూపించేవాడు. ఆ ప్రేమను చూస్తే నవతకు కోపం నిలిచేది కాదు. అది ఎవరికి చెందాల్సిందో తలుచుకుంటే మళ్లీ వచ్చేది.

మొదటి పుట్టినరోజు ఆదివారం పడింది. ముందురోజే నవత తల్లిగారింటికి వెళ్లి, పన్నెండు గంటలకు పిల్లవాడితో ఆటో దిగింది. గేటు మీద నుంచి మొదటి అంతస్తు దాకా ఫ్లెక్సీ కట్టి ఉంది. ఫ్లెక్సీ పనిలో ఎవరూ కొత్తగా మొదలుపెట్టరు. పాత ఫైలు తెరిచి, ఫోటో మార్చి, పేరు మార్చి, తేదీ మార్చి ప్రింటుకు పంపుతారు. కల్యాణ్ తేదీ ఒక్కటే మార్చాడు. పసుపు చొక్కాలో, సాఫు జుట్టుతో, రెండు కింది పళ్లు చూపిస్తూ, ఆరడుగుల ఎత్తున రేనా నవ్వుతున్నాడు. కింద పేరు ఎంత బాగా నిలబడిందో చెప్పక్కర్లేదు.

పక్కింటావిడ స్వర్ణలత బుగ్గలు నొక్కుకుంది. "అచ్చు గుద్దినట్టు ఎంత మంచిగొచ్చిండో బాబు." నవత చేతిలో ఉంగరాల జుట్టు పిల్లవాడున్నాడు. ఇద్దర్నీ పక్కపక్కనే చూసి కూడా ఆవిడకు తేడా తెలియలేదు. రెండున్నరేళ్లుగా ఆ మొహాన్ని నవత ఫోన్లో దొంగతనంగా చూసుకుంటోంది. ఇప్పుడది పట్టపగలు నడి గల్లీలో నవ్వుతోంది.

పైకి వెళ్లేసరికి నూకరత్నం బాల్కనీలోనే ఉంది. ఫ్లెక్సీ పైఅంచు పట్టుకుని, వంగి ఆ మొహంలోకి చూస్తోంది. "నా పెద్దోడా" అంటోంది, లోగొంతుతో, మళ్లీ మళ్లీ. "నా బంగారు పెద్దోడా, ఎక్కడున్నావురా."

కల్యాణ్ కేకు పెట్టె పట్టుకుని గుమ్మంలో ఆగిపోయాడు. "పెద్దోడేంటమ్మా?"

ఆవిడ తిరిగింది. ఇక దాచడానికి ఓపిక లేని మొహం. "మచ్చ నేదురా. ఆ రోజూ నేదు, ఈ రోజూ నేదు. నానబద్దమాడినాను."

"ఎందుకు?"

"ఆడు కాపోతే నాకొద్దన్నావు గదరా. పుట్టబోయే గుంటణ్ని ముట్టుకోనన్నావు. కూడు మానీసి పుల్లలాగైపోనావు. నా కొడుకు నాకు దక్కాల గదా."

కల్యాణ్ కేకు బల్ల మీద పెట్టాడు. నవత దగ్గరికొచ్చి పిల్లవాడి ఎడమ కాలు పట్టుకుని మడమ తిప్పి చూశాడు. ఏడాదిగా తను ముద్దుపెట్టుకుంటున్న చోటు. బొటనవేలితో రుద్దాడు. పిల్లవాడు ఆటనుకుని కిలకిలా నవ్వాడు. కల్యాణ్ ఆ కాలు మెల్లగా వదిలేసి కిందికి వెళ్లి, తాళ్లు కోసి ఫ్లెక్సీ దించేశాడు. మడత పెట్టకుండా ఒళ్లో వేసుకుని మెట్ల మీద కూర్చుని ఏడ్చాడు. గ్లోరియా టీచర్ తలుపు తీసి చూసి, వచ్చి పక్కన కూర్చుంది. పిలిచిన జనం వచ్చారు, బిర్యానీ తిన్నారు, ఏం జరిగిందని అడక్కుండా వెళ్లిపోయారు.

పెద్దోడు ఆ రోజుకు చచ్చిపోయాడు. నవత కోరుకున్నది అదే. ఆ కోరికలో రెండో సగం, చిన్నోడి సంగతి, ఇలా ఉంటుందని మాత్రం అనుకోలేదు. కల్యాణ్ తింటున్నాడు, షాపుకు వెళ్తున్నాడు, అడిగితే జవాబిస్తున్నాడు. పిల్లవాణ్ని మాత్రం ఎత్తుకోవడం లేదు. పాక్కుంటూ వెళ్లి మోకాలు పట్టుకుని నిలబడితే, అతిథుల పిల్లవాడు మీదపడ్డట్టు కాలు జాగ్రత్తగా వెనక్కి తీసుకుంటున్నాడు.

"పేరెక్కిస్త కల్యాణ్. ఏం పెడదాం?" అని అడిగింది నవత.

"నీ ఇష్టం. ఏదో ఒకటి పెట్టు." ఫారం మీద చదవకుండా సంతకం చేసిచ్చాడు. ఒక పేరు కోసం నాలుగు రోజులు వెతికిన మనిషి.

మరుసటి వారం, మంగళవారం నాడు నవత ఒక్కతే మీసేవకు వెళ్లి, తన వంశంలో గానీ అతని వంశంలో గానీ ఎవరికీ లేని పేరని రెండుసార్లు ఆలోచించుకుని, తిరుమల్ అని చెప్పింది. సాయంత్రం రసీదు తెచ్చి కల్యాణ్ చేతిలో పెట్టింది. అతను పేరు చూసి, బాగుందన్నాడు.

"ఒక్కసారి పిలువు" అంది నవత. "నీ నోటితోని మొదటిసారి వినాలె వాడు."

పిల్లవాడు గదిలో అవతలి మూల గిన్నె మీద చెంచాతో కొడుతున్నాడు. కల్యాణ్ నోరు తెరిచి, మూసేశాడు. సరే, ముందు తనే అలవాటు చేద్దామని నవత, "తిరుమల్" అంది. వాడు తల తిప్పలేదు. దగ్గరికి జరిగి ఇంకాస్త గట్టిగా, "తిరుమల్, ఇటు చూడు కన్నా" అంది. కన్నా అన్నందుకు ఒక్క క్షణం చూసి, మళ్లీ చెంచా అందుకున్నాడు.

"వాడికి తెలీదు" అన్నాడు కల్యాణ్. వారం తర్వాత మొదటిసారి పిల్లవాణ్ని నేరుగా చూస్తున్నాడు. అతను చెడు ఉద్దేశంతో అనలేదని నవతకు తెలుసు. పెదవుల దాకా వచ్చి ఉన్న మాట, ఆపుకోలేకపోయాడు.

"రేనా" అన్నాడు.

పిల్లవాడు చెంచా పారేసి గిరుక్కున తిరిగాడు. పిలిచింది నాన్నేనని చూసుకుని, మొహమంతా నవ్వుతో రెండు చేతులూ చాపాడు.