రెండున్నర గంటల ఉంగరం

ఎనిడ్ టాప్‌స్కాట్, లెనోరా గౌను వెనక పదిహేడో కొక్కెం తగిలిస్తోంది. ఒంగిన వీపు, ముక్కు మీదికి జారే కళ్ళజోడు, సూదిపోట్లతో గరుకెక్కిన వేళ్ళు. లండన్‌లోని ఆ నాటకశాలలో పద్దెనిమిదేళ్ళుగా ఆమె పని ఒక్కటే, నటి లెనోరాకి దుస్తులు తొడగడం, విప్పడం.

ఇప్పటి నాటకంలో లెనోరా కౌంటెస్. విడాకులిచ్చిన మొగుణ్ణే మళ్ళీ కట్టుకుంటుంది. మొదటి అంకంలో వేలు బోసిగా ఉండాలి. అసలు ఏ వేషానికైనా లెనోరా తన సొంత పెళ్ళి ఉంగరం తీసేస్తుంది. దాన్ని బల్లమీద వదలకూడదు, తెర పడేదాకా దుస్తులు తొడిగే మనిషి వేలికే ఉండాలి. అది అక్కడి ఆనవాయితీ. పెళ్ళి కాని ఎనిడ్ ఆ రెండున్నర గంటలూ ఇల్లాలు. విరామంలో పక్క కొట్టుకి టీకి వెళితే కొట్టతను "మిసెస్ టాప్‌స్కాట్" అంటాడు. ఆమె ఒక్కనాడూ కాదనలేదు.

ఆ బుధవారం మధ్యాహ్నం ఆటకి ఎనిడ్ చాచిన చెయ్యి చాచినట్టే ఉండగా, లెనోరా ఉంగరం మావిస్‌కి ఇచ్చింది. ఎనిడ్‌కి చూపు ఆనడం లేదని శనివారంతో మాన్పిస్తున్నారు. అందాకా ఈ కొత్తామెకి పని నేర్పాలి.

"తనకీ అలవాటవ్వాలి కదా ఎనిడ్," అంది లెనోరా.

మావిస్ దాన్ని తన పెళ్ళి ఉంగరం మీదే తొడుక్కుంది. ఎనిడ్ ఆ వేలి వంకే చూసింది. ఇంట్లో మొగుడున్నాడు, వేలికి ఉంగరం ఉంది, ఇంకా ఇదొకటా ఈ మనిషికి!

విరామంలో టీకొట్టతను ఎనిడ్ బోసి వేలు చూశాడు.

"ఏంటమ్మా, మీ ఆయన్ని ఇంట్లోంచి తరిమేశారా?"

టీ అక్కడే వదిలేసి వచ్చింది.

తెర పడ్డాక ఉంగరం ఊడి రాలేదు. మావిస్ వేలు ఉబ్బి ఎర్రబడింది. కింద కారులో లెనోరా భర్త ఎదురుచూస్తున్నాడు.

"లాగవే! ఉత్త వేలితో వెళ్తే ఆయన ఊరుకుంటారా?"

"రావట్లేదు మేడమ్, ప్రాణం పోతోంది!"

ఎనిడ్ గౌను మడతపెడుతూ ఉండిపోయింది. ఏం చెయ్యాలో ఆమెకి తెలుసు. ఒక నిమిషం నోరు విప్పలేదు. ఆ నిమిషం ఎంత హాయిగా ఉందో!

తరవాత లేచింది. పట్టుదారం కొస ఉంగరం కిందికి దూర్చి, మిగతాది వేలి కణుపు దాకా బిగించి చుట్టింది. చూపుతో పనేముంది, వేళ్ళకే తెలుసు. కొస పట్టి విప్పుకుంటూ వస్తే ఉంగరం కొంచెం కొంచెంగా జరిగి ఆమె చేతిలో పడింది.

లెనోరా అరచెయ్యి చాచింది. ఎప్పుడూ అయితే ఎనిడ్ అందులోనే పెట్టేది. ఈసారి ఆ చెయ్యి తిప్పి, ఉంగరాన్ని తనే లెనోరా వేలికి తొడిగింది. లెనోరా ఆమె వైపు వింతగా చూసింది.

"ఆరింటికల్లా వచ్చెయ్, ఎనిడ్."

"ఆవిడుంది కదమ్మా."

ఎనిడ్ కోటు తొడుక్కుని మెట్లు దిగింది. సాయంత్రం ఆటకి రాలేదు, శనివారానికీ రాలేదు. అద్దం ముందు పౌడరు డబ్బా పక్కన, వేలంత చుట్టలు చుట్టుకుని పట్టుదారం అలాగే పడి ఉంది.