పంఖా బుచ్చయ్య పెరుగు గురిగి

హుస్సేనీ ఆలంల కాలం మంత్రాలు నేర్పే యూనివర్సిటీ ఒకటుండె. బోర్డు మీద దాని పేరు గింత పొడుగు, సదువుడు అయ్యేసరికి చేతిల చాయ్ సల్లారుతది. గల్లీలోల్లు మాత్రం ‘వక్త్ బడి’ అంటుండ్రి, అంటె కాలం బడి. జాగీర్దార్ల కొడుకులు పొద్దుగాల లోపలికి పోయి, పొద్దుమూకెయాళ్లకు నాలుగు దినాల సదువు సదువుకొని వస్తుండ్రి. మొఖాలు మాత్రం పోయినప్పుడు ఎట్లున్నయో గట్లనే, నున్నగ!

గా బడిల బుచ్చయ్య పంఖా గుంజేటోడు. వరండల కూసొని తాడు గుంజాలె, లోపలోల్లకు గాలి తగలాలె, గదీ పని. దునియ లడాయి మొదలైన ఏడు నౌకరికి చేరిండు. మూడేండ్లు కాలే, నెత్తి సగం తెల్లగయ్యింది. ముప్ఫయ్యేండ్ల మనిషి నలభైకి దగ్గరపడ్డట్టు కనవడ్తుండు.

ఆయన పెండ్లాం ఆండాలుకు రెండు బర్లు. పాలు, పెరుగు అమ్ముతది. గల్లీల ఆమె నోటికి కుక్కలు గూడ పక్కకు జరుగుతయి.

“పొద్దుగాల గడ్డం గీకిచ్చుకొని పోతివి. గిప్పుడీ గడ్డమెక్కడిది?”

“ఏమోనే. ఎండకు మొలిచిందేమో.”

“ఎండకు మొలువనీకె అది జొన్నచేనా? యాడికి పోతున్నవో సక్కగ చెప్పు!”

బుచ్చయ్య ఏడు రొట్టెలు తింటడు, ఎనిమిదోదానికి చెయ్యి చాపుతడు, చాపిన చెయ్యి అట్లనే ఉండంగ నిద్రవోతడు. రెండు దినాలకోసారి గోర్లు కోసుకుంటడు. గల్లీలోల్లు నవ్విండ్రు. ఆండాలు నవ్వలే.

ఒకనాడు పొద్దుగాల ఒకటే పాలు, ఒకటే తోడు, రెండు చిన్న మట్టి గురుగులల్ల పోసింది. ఒకటి ఇంట్ల పెట్టింది. ఇంకోటి మొగని సద్దిల కట్టింది.

“ముట్టకు. మూత తియ్యకు. మల్ల తేవాలె.”

గడియారం ముల్లును ఎటంటె అటు తిప్పొచ్చు. తోడు ఎవల మాట వినది. పొద్దుగాల వేస్తే పొద్దుమూకేసరికి గడ్డపెరుగు. మరునాడు పులుపు. నాలుగోనాడు పసుపురంగు నీళ్లు, మీద బూజు. ఆ సంగతి పెద్ద సదువులోల్లకు తెల్వదు, బర్లు కాసేటోల్లకు తెల్సు.

పొద్దుమూకింది. ఇంట్ల గురిగిల గడ్డపెరుగు. మొగని గురిగి మూత తీస్తే బూజు, కంపు.

ఆండాలుకు సమజయ్యింది. మొగడు యాడికీ తిరుగుతలేడు. ఆ బడోల్లే మొగన్ని తింటున్నరు!

మరునాడు రెండు గురుగులు సంకల పెట్టుకొని బడికి పోయింది. వరండ ముందటి గేటు కాడ చౌకీదారు ఇశ్రాయేలు అడ్డమొచ్చిండు.

“అక్కా, ఆడోల్లను లోపలికి పంపొద్దన్నరు.”

“నీ మొఖం అద్దంల సూసుకున్నవారా? పాతికేండ్లకు మీసం నెరిసింది. జరుగు!”

ఇశ్రాయేలు మీసం తడుముకొని జరిగిండు.

బడికి పెద్ద బాబురావు సాబ్. ఆయన మేజు మీద రెండు గురుగులు ఠప్పున పెట్టింది.

“వాసన సూడు సాబ్. రెండూ నిన్న పొద్దుగాల తోడువెట్టినయి.”

సాబ్ రుమాలు ముక్కుకు పెట్టుకుండు. అబద్ధం గూడ ఆడలే. “సదువుకునేటప్పుడు మేము సున్నంతోని చుట్టు గీసుకొని అండ్ల కూసుంటం. చుట్టుల ఉన్నోల్లకు వయసు పెరగది. ఆ దినాలు యాడనో ఒకకాడ పడాలె గద? వరండల పడ్తయి.”

“వరండల నా మొగడున్నడు!”

“ఎవలో ఒకలు ఉంటరు లే.”

ఎవలో ఒకలంట! ఆండాలు పండ్లు పటపట కొరికింది. “దినానికి మూడు దినాల లెక్కన పోయిన ఆయన ఏడేండ్లు మల్ల ఇయ్యి.”

“ఇస్త. అయితే ఇంకొకరు మొయ్యాలె. గా ఇశ్రాయేలు ఉన్నడు గద, పెండ్లాం పిల్లలు లేరు. ఆయన మీదికి దొబ్బుదునా?”

ఆండాలుకు కిటికీలకెళ్లి వరండల కూసున్న మొగడు కనవడ్డడు, వంగిన నడుము, కాయలు కాసిన చేతులు. ఒక్క మాట అంటే చాలు. ఎన్కనే వచ్చిన ఇశ్రాయేలు దర్వాజ కాడ ఆ మాట ఇని, తన కాలి గోర్లను సూసుకుంట నిలవడ్డడు.

“థూ!” అన్నది ఆండాలు. రెండు గురుగులు ఎత్తుకొని పోయింది.

సాబ్ పీడ పోయిందనుకుండు. గామె పోయింది బకీటు కోసం.

క్లాసు నడుస్తుండంగ వచ్చింది. బకీటు నిండ పెండనీళ్లు. చుట్టుల జాగీర్దార్ల పోరలు, నడుమ బాబురావు సాబ్ కండ్లు మూసుకొని మంత్రం. మొదలువెట్టిన మంత్రం నడుమల ఆపొద్దు, అది వాల్ల కాయిదా. ఆండాలు కొంగు దోపి, ఇంటి ముందల వాకిలి అలికినట్టు, సున్నం గీతనంత సక్కగ అలికింది.

పోరలు ఇగిలించిండ్రు. సాబ్ కండ్లు తెరిచిండు. కండ్లు గుడ్లయినయి గని నోరు మంత్రమే చదువుతుంది.

“లే! తాడు ఇడువు!” ఆండాలు మొగన్ని రెక్కవట్టి గుంజింది. “ఇశ్రాయేలూ, నువ్వు గూడ నడువు. వరండల ఈగ గూడ ఉండొద్దు.”

పొద్దుమూకె. బడి కమాను కిందికెళ్లి పోరలు ఎల్లిండ్రు, నాలుగు దినాల గడ్డాలతోని, నాలుగు దినాల ఆకలితోని. ఒకడు ఆండాలు బర్ల ముందటి కుడితి తొట్టిల చెయ్యి పెట్టిండు. బాబురావు సాబ్ గోడ పట్టుకుంట ఆండాలు ఇంటికొచ్చిండు.

“గుక్కెడు పెరుగు...”

బూజు గురిగి చేతిల పెట్టింది. “గిది నీదే.”

తెల్లారి, రాత్రి ఇంట్ల కొత్తగ తోడువెట్టిన పెరుగు నాలుక మీద ఏసి సూసింది. కమ్మగుంది. ఒక్క రాత్రే గడిచింది. బుచ్చయ్య తల దువ్వుకుంటుండు, దువ్వెనల తెల్ల ఎంటికలు.

“కోపం ఇంక దిగలేదానే?”

“ఆ ఏడేండ్లు నీ అయ్య ఇస్తడా?”

ఆండాలు కొట్టంల పెండ ఎత్తి బకీటుల కలిపింది. వక్త్ బడిల మల్ల సున్నం నానబెట్టిండ్రని ఇశ్రాయేలు అప్పుడే చెప్పిపోయిండు.