కొమ్మకు కట్టిన ఉంగరం

"పాప ఇంటికొచ్చేసింది కదా, నీకు పని తగ్గిందిలే మే" అన్నాడు గణేశ్, తిన్న కంచంలోనే చెయ్యి కడుక్కుంటూ.

భ్రమరాంబిక ఆ కంచం తీసుకుని తోమి బోర్లించింది. ఆళ్లగడ్డలో వాళ్ళుండేది ఒంటిగది ఇల్లు. తొమ్మిదో తరగతి చదవాల్సిన పిల్ల, నంద్యాల హాస్టల్లో ఉండాల్సిన పిల్ల, ఇరవై రోజులుగా ఆ గదిలో గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. కన్నతండ్రికి అందులో కనిపించిన మంచి ఏమిటంటే, గిన్నెలు తోమడానికి ఇంకో జత చేతులు దొరకడం. పెళ్ళాన్ని ఓదార్చాలనిపించినప్పుడు కూడా మగవాడి నోటికి ఇంటిపని మాటే వస్తుంది కాబోలు.

గణేశ్ చెడ్డవాడు కాదు. పెళ్ళయినప్పటి నుంచీ ఆ మాట తనకు తాను చెప్పుకుని చెప్పుకుని అరగదీసింది భ్రమరాంబిక. తాగడు, కొట్టడు. అటవీశాఖలో వాచరు. నల్లమలలో పుట్టిన చెంచు మనిషి, తన అడవిలోకి తాను పోవడానికి ఎవరో ఇచ్చిన ఖాకీ చొక్కా తొడుక్కుని పోతాడు. ఆ చొక్కాతోపాటు తల దించుకోవడం కూడా నేర్చుకున్నాడు. నేర్చుకుని ఊరుకోలేదు, ఇంట్లోవాళ్ళకూ నేర్పాడు. ఆరేళ్ళ కిందట ఈ గది అద్దెకు తీసుకున్న రోజునే చెప్పాడు. "ఎవరన్నా అడిగితే చెంచోళ్ళమని చెప్పద్దు. రుద్రవరం పక్క సేద్యగాళ్ళమని చెప్పు." ఆమె అట్లాగే చెప్పింది. తమ్ముడు తేనె తెచ్చిస్తే అంగట్లో కొన్నానంది. ఇంటామె తన వాకిలి కూడా ఊడ్చమంటే ఊడ్చింది, ఎందుకు ఊడవాలని అడిగితే మాట పెరిగి ఎక్కడ తేలుతుందోనన్న భయంతో. తనెవరో దాచుకోవడం ఒక చాకిరీ. పొద్దున్నుంచి సాయంత్రం దాకా చేసినా ఎవరికీ కనపడదు, ఒక్కరోజు మానేస్తే మాత్రం అందరికీ కనపడుతుంది.

ఈ దాపరికమంతా వరలక్ష్మి చదువు కోసమే కదా అని సర్దుకునేది. పిల్ల చదివేది, చదివింది తల్లికి చెప్పేది. పోయిన ఎండాకాలం సెలవుల్లో, పాత క్యాలెండరు కాగితాల వెనక తల్లి చేత పేరు దిద్దించింది. "ఇంత పొడుగు పేరేంది మా నీది" అని నవ్వేది. 'భ్ర' దగ్గర చెయ్యి వణికేది, 'రాం' దగ్గర సున్నా మర్చిపోయేది. సెలవులు అయిపోయేనాటికి పేరు మొత్తం తప్పు లేకుండా వచ్చింది. ముప్పై ఆరేళ్ళ మనిషి ఆ రోజంతా వేలితో పిండి మీద, నీళ్ళ తడి మీద తన పేరు రాసుకుంటూ తిరిగింది. జీవితంలో తనకోసం తాను చేసుకున్న పని అదొక్కటే అనిపించింది.

నంద్యాల హాస్టల్లో చేర్చిన రోజున వార్డెన్ ఉమామహేశ్వరమ్మ కులం సర్టిఫికెట్టు చూసి చేతులు జోడించింది. "చెంచులా? అయితే అహోబిలం నరసింహస్వామికి అత్తగారింటోళ్ళు. మీ ఆడబిడ్డే కదమ్మా చెంచులక్ష్మి." ఆ మాటకు భ్రమరాంబిక మురిసిపోయింది. తిరుగు బస్సులో రెండుసార్లు గణేశ్‌తో చెప్పింది. తర్వాత నెల పిల్లను చూడటానికి పోతే, తక్కిన తల్లులంతా వరండాలో కుర్చీల్లో కూర్చుని ఉన్నారు. తనకు చేట చేతికిచ్చింది వార్డెనమ్మ. "ఊరికే కూచునే బదులు ఆ బియ్యం చెరిగిపోరాదా." ఆ నెలా, ఆ తర్వాత నెలా, రెండేళ్ళపాటు ప్రతి నెలా అంతే. తిన్నావా తల్లీ అని అడగడం కూడా చేట ఆడిస్తూనే. పిల్ల పక్కన నిలబడి రాళ్ళు ఏరుతూ జవాబు చెప్పేది. తక్కిన తల్లులు ఆ బియ్యం వండిన అన్నమే తమ పిల్లలు తింటారని తెలిసి కూడా ఒక్కరు లేచి రాలేదు. దేవుడికి అత్తగారింటివాళ్ళయితే ఏం, కుర్చీ మాత్రం ఇవ్వరు.

ఇరవై రోజుల కిందట వార్డెనమ్మ ఫోను చేసింది. ఉంగరం పోయిందట. పొద్దున కొళాయి దగ్గర ముఖం కడుక్కుంటూ గట్టు మీద పెట్టి మరిచిపోయిందట. మధ్యాహ్నం గుర్తొచ్చి వెతికించింది. హాస్టల్లో తొంభై పెట్టెలుంటే తెరిపించినవి రెండే, చెంచు పిల్లలవి రెండూ. ఏమీ దొరకలేదు. సాయంత్రం బడి నుంచి వచ్చిన వరలక్ష్మి, సంగతి విని, అడగకుండానే చెప్పింది. "కింద పడిండె మేడం. నేనే చెట్టుకు కట్టినా." తనే తీసుకుపోయి చూపించింది. కొళాయి పక్కన కరివేపాకు చెట్టుకు, చున్నీ అంచు నుంచి పీకిన దారంతో కట్టి ఉంది ఉంగరం.

గూడెంలో పుట్టిన పిల్లలకు నడకతోపాటే వచ్చే అలవాటు ఇది. దారిలో ఎవరిదైనా వస్తువు కనిపిస్తే, కొడవలి కానీ పూసలదండ కానీ, ఇంటికి తీసుకుపోరు. కిందా వదిలేయరు, తొక్కుడులో పోతుంది కాబట్టి. పక్కనున్న కొమ్మకు, మనిషి కంటికి ఆనే ఎత్తులో కట్టి ముడి వేసి పోతారు. పోగొట్టుకున్నవాళ్ళు అదే దారిన వెతుక్కుంటూ వస్తారు, తీసుకుంటారు. ముడి వేసినదాన్ని మరొకరు ముట్టరు. భ్రమరాంబిక తమ్ముడి గొడ్డలి ఒక వానాకాలమంతా అట్లా వేలాడి తుప్పు పట్టింది కానీ, ఒకరి ఇంటికి పోలేదు. వరలక్ష్మికి నాలుగేళ్ళప్పుడు ఆ ముడి వేయడం నేర్పింది భ్రమరాంబికే.

ఫోను రాగానే గణేశ్‌తో కలిసి నంద్యాల పోయిన భ్రమరాంబిక, ఆ రాత్రి ఆఫీసు గదిలో ఈ సంగతంతా చెప్పబోయింది. సగం కూడా విననివ్వలేదు వార్డెనమ్మ.

"అడివి కతలు నాకు చెప్పొద్దు. దొరికితే తెచ్చి నా చేతికియ్యాల. చెట్టులో దాచిపెట్టి, పెట్టెలు తెరిపించినారని తెలిసినాక భయపడి చూపించింది. మీ జాతి గుణం యాడ పోతాది."

చేర్చిన రోజున చేతులు జోడించింది కూడా ఈ మనిషే.

కాగితం ఒకటి అప్పటికే రాసి పెట్టి ఉంది. దాని మీద సంతకం పెట్టి పిల్లను తీసుకుపోవాలి, లేదంటే పోలీసు కేసు. గణేశ్ ఏడో తరగతి చదివినవాడు. కాగితం అందుకుని మొత్తం చదివాడు. "ఏం రాసిండారు?" అని అడిగింది భ్రమరాంబిక. "పాపను ఇంటికి తీస్కపోతాండామని. అంతే. పెట్టు" అన్నాడు.

"నువ్వు పెట్టరాదా?"

"నాకు ఉద్యోగముంది మే. రేపు ఈ కాగితం మా ఆఫీసుకు పోతే? నీకేముంది పోయేదానికి, నువ్వే పెట్టు."

వార్డెనమ్మ ఇంకు పెట్టె ముందుకు జరిపింది. వేలు చాపమంది. అప్పుడు, ఆ గదిలో, ఆ పరిస్థితిలో కూడా భ్రమరాంబికకు కొంచెం గర్వం కలిగింది. ఆ గర్వాన్ని తలుచుకుంటే ఇప్పటికీ ఆమెకు తన మీద తనకు అసహ్యం వేస్తుంది. "ఏలిముద్ర వద్దు మేడం. నాకు సంతకం వస్తాది" అంది. కుర్చీ ఇవ్వలేదు కాబట్టి వంగి, బల్ల మీద, పేరంతా పెట్టింది. సున్నా కూడా మరిచిపోలేదు. పుస్తకాలూ దుప్పటీ అప్పజెప్పాలి కాబట్టి పిల్లను మర్నాడు పంపుతామన్నారు. మర్నాడు గణేశ్ పోయి తీసుకొచ్చాడు.

వచ్చినప్పటి నుంచీ వరలక్ష్మి మాట్లాడటం లేదు. తినమంటే తింటుంది, లేవమంటే లేస్తుంది. బడి మాట ఎత్తితే గోడకేసి తిరుగుతుంది. సిగ్గుపడుతోంది, నాలుగు రోజుల్లో సర్దుకుంటుందిలే అనుకుంది భ్రమరాంబిక.

గణేశ్ ఓదార్పు విన్న ఆ రోజే, తల్లీకూతుళ్ళు రేషను బియ్యం తెచ్చుకుని వస్తుంటే, సందులో ఒక చంటిపిల్ల కాలిపట్టీ పడి ఉంది. వెండిది, చిన్న మువ్వలది. వరలక్ష్మి చూసింది. చూసి, దాటుకుని ముందుకు పోయింది. బియ్యం మూట దించి వంగబోయిన తల్లి మణికట్టు పట్టుకుని ఆపింది.

"వద్దు మా. మనం ముట్టకూడదు."

"ఎవరో చంటిబిడ్డది తల్లీ. ఆ గేటుకన్నా కడదాం."

"మనం దొంగలం కదమ్మా." కోపంగా కాదు, పాఠం అప్పజెప్పినట్టు అంది. "నువ్వే సంతకం పెట్టినావు కదా. నా కూతురు ఉంగరం దొంగతనం చేసి చెట్టులో దాచింది నిజమేనని. మర్నాడు పొద్దున ప్రేయర్లో అందరికీ చదివి వినిపించినారు. నీ సంతకం కూడా చూపించినారు." కొంచెం ఆగింది. "ఒక్క అక్షరం తప్పు పోలేదు మా."

భ్రమరాంబిక అక్కడే, సందులో, మూట మీద కూలబడింది. ప్రపంచమంతా దొంగ అన్నా పిల్ల తట్టుకునేదేమో. ముడి వేయడం నేర్పిన తల్లి కూడా అదే మాట మీద సంతకం పెట్టిందని ఇరవై రోజులుగా మోస్తోంది ఆ పద్నాలుగేళ్ళ ప్రాణం. నాకు చదవడం రాదు కదా తల్లీ అని చెప్పబోయింది. చదవడం రాకపోతే మొగుణ్ణి ఒక్కణ్ణి అడిగితే చాలదు. పిల్లనే పిలిచి చదివించుకోవాలి. ఆ రోజు తలుపు అవతలే నిలబడి ఉంది పిల్ల. మొగుడు పెట్టమన్నాడు, తను పెట్టింది. అంతే జరిగింది.

ఇంటికి పోయి గణేశ్‌ను అడిగింది. "నువ్వు చదివినావు కదా ఆ కాగితం."

"చదివినా" అన్నాడు, బూట్లకేసి చూస్తూ. "కేసు అంటే ఏం చేయమంటావు? మనోళ్ళ పేరు చెప్తే చాలు, రుజువు అడగరు. మా తాతను అట్లనే తీస్కపోయినారు. నడుం విరిగి వచ్చినాడు. పాపకు చదువు పోయింది, పోనీ. ఒళ్ళు మిగిలింది."

ఆ భయం అబద్ధం కాదని ఆమెకు తెలుసు. అందుకే తిట్టలేకపోయింది. తిట్టగలిగితే గుండె కొంత తేలికయ్యేది. భయపడినవాడు తన మీదకు రాకుండా పెళ్ళాం చెయ్యి ముందుకు తోశాడు. పోయేదానికి నీకేముందన్నాడు. పోయింది ఏమిటో ఇవాళ సందులో చూసింది.

మర్నాడు బడి వంటగదిలో కృపమ్మకు చెప్పింది. ఆ బడిలో మధ్యాహ్నం అన్నం వండేది కృపమ్మ, సాయం చేసేది భ్రమరాంబిక. కృపమ్మది మాలపల్లె. ఆమె చేతి అన్నం మా పిల్లలు తినరని ఊళ్ళో కొందరు క్యారియర్లు పంపడం మొదలుపెట్టిన నాటి నుంచి ఆమె సోమవారం సోమవారం నంద్యాల కలెక్టరాఫీసుకు పోయి అర్జీలు ఇస్తూనే ఉంది.

"మేం చెంచోళ్ళం అక్కా" అని మొదలుపెట్టింది భ్రమరాంబిక. ఆళ్లగడ్డలో ఆ మాట పైకి అనడం అదే మొదలు.

"తెలుసులే. నువ్వే చెప్తావని చూస్తాండా ఇన్నేండ్లు" అంది కృపమ్మ, పప్పు కలబెడుతూ.

అంతా విని, సోమవారం పోదాం పా అంది.

"ఇన్ని అర్జీలిచ్చినావు కదక్కా, ఏమన్నా అయిందా?"

"ఒక్కటీ కాలా."

"మరి యాల పోతాండావు?"

"పోకపోతే నేనే వంట మానుకున్నానని రాసుకుంటారు."

సోమవారం నంద్యాల బస్సు ఎక్కారు ముగ్గురూ. వరలక్ష్మి రానంది, చెయ్యి పట్టుకుని తీసుకొచ్చింది తల్లి. గణేశ్ ఆపలేదు. "నా పేరు మాత్రం ఎత్తద్దు" అన్నాడు, అంతే. కలెక్టరాఫీసు హాలు నిండా జనం. భూమి గొడవలు, పింఛన్లు, రోడ్లు. రెండు గంటలు నిలబడ్డాక వాళ్ళ వంతు వచ్చింది. కృపమ్మ రాసిచ్చిన అర్జీ చదివాడు బల్ల దగ్గరి ఆఫీసరు. నడివయసు మనిషి, మర్యాదగానే ఉన్నాడు. ఫోనులో ఎవరితోనో మాట్లాడాడు. కాసేపటికి ఫోను తిప్పి చూపించాడు. అందులో ఆ కాగితం ఫొటో ఉంది. అడుగున ఆమె పేరు, పొడుగ్గా, వంకర లేకుండా.

"ఇది నీ సంతకమే కదమ్మా?"

"నాదే సారూ."

"నువ్వే ఒప్పుకొని, నువ్వే పిల్లను తీస్కపోయి, ఇప్పుడు వార్డెన్ మీద అర్జీ అంటే మేమేం చేస్తాం? ఇది నిలవదు. పిల్లను వేరే బడిలో చేర్పించుకో, కావాలంటే చీటీ రాసిస్తా."

వెనక వరసలోవాళ్ళు తోస్తున్నారు. కృపమ్మ ఏదో అనబోయింది. వరలక్ష్మి తన కాళ్ళకేసి చూసుకుంటూ నిలబడి ఉంది. వేరే బడి. అక్కడ కూడా ఈ పిల్ల నేల మీదివన్నీ దాటుకుంటూ నడుస్తుంది. ఆ హాలు నుంచి ఏమీ రాదని భ్రమరాంబికకు అర్థమైపోయింది. పిల్లకు ఆ హాస్టలు రాదు, ఈ ఏడాది చదువు తిరిగి రాదు, వార్డెనమ్మకు ఏమీ కాదు. అంతా అర్థమయ్యాక, ఆశ్చర్యంగా, భయం కూడా లేకుండా పోయింది.

బల్ల మీది అర్జీని తన వైపుకు లాక్కుని కూతురి ముందు పెట్టింది. కృపమ్మ దగ్గరి పెన్ను తీసి ఇచ్చింది.

"పైన జాగా ఉంది తల్లీ. నువ్వే రాయి. మొదటి తప్పు మా అమ్మదని రాయి. కూతురు దొంగ కాదని తెలిసి కూడా దొంగని సంతకం పెట్టిందని రాయి. నా పేరు ముందర రాసి, మీ నాయన పేరు దాని కింద రాసి, ఆ తర్వాత వార్డెనమ్మ పేరు రాయి."

వరలక్ష్మి పెన్ను పట్టుకుంది కానీ రాయలేదు. తల ఎత్తి తల్లి ముఖం చూసింది, ఇన్ని రోజుల తర్వాత.

ఆఫీసరు ముందుకు వంగాడు. "అట్ల రాస్తే తప్పుడు కాగితం ఇచ్చినావని కేసు నీ మీదికే వస్తాది. తెలుస్తాండాదా?"

"రానీ సారూ" అంది భ్రమరాంబిక. "చెడ్డపేరు మోసేది నేనైతే, పిల్ల మోయాల్సిన పని లేదు."