ఐరేని కుండలు

ఆశన్న తెల్లవారకముందే మట్టి తొక్కుతున్నాడు. పగిలిన మడమల సందుల్లోకి బురద ఎక్కింది. కాలికి రాయి తగిలినప్పుడల్లా వంగి ఏరి పారేస్తున్నాడు, దగ్గు తెర వస్తే గోడ పట్టుకుని నిలబడుతున్నాడు. ఇవాళ పేషీ. పని సగంలో వదిలి కోర్టుకు నడవాలి.

"ఆ మట్టి గట్లనే ఉండనీయి. ఎండ ముదరకముందే పో," అంది భార్య తిమ్మమ్మ.

"పోత. ఇయ్యాల తీర్పు జెప్తరంట. దొంగ కాదంటే సాలు, సత్తెమ్మ బిడ్డ పెండ్లికి ఐరేని కుండలు మనయే. పొద్దుమీకి మేళం తీస్కొని వస్తనన్నది."

ఊళ్లో పెళ్లంటే ఐరేని కుండలు ఆశన్న ఇంటి నుంచే పోవాలి. మేళంతో వచ్చి, కుమ్మరికి బొట్టు పెట్టి, బియ్యం పోసి, అతను సున్నంతో ముగ్గులేసిన కుండలు నెత్తిన పెట్టుకుని పోతారు. తాతల నాటి మర్యాద అది. పటేలు ఇంట్లో ఇత్తడి బిందె పోయి ఆ నింద ఆశన్న మీద పడిన నాటి నుంచి, మేళం అతని వాకిట ఆగలేదు. కూర కుండలు కొంటారు, నీళ్ల కడవలు కొంటారు, పెళ్లికి మాత్రం కొల్లాపూర్ పోతారు. దొంగ చేతి కుండ పందిట్లోకి పనికిరాదట. మట్టితో బతికేవాడు ఇత్తడి బిందె ఏం చేసుకుంటాడని అడిగినవాడు ఒక్కడూ లేడు. కేసు మాత్రం ఐదేళ్లుగా నానుతోంది.

మధ్యాహ్నం దాటినా కోర్టులో పేరు పిలవలేదు. మున్సబు కుర్చీ ఖాళీ. గుమాస్తాలు బస్తాలు విప్పి ఉర్దూ కాగితాలు నేలంతా పరిచారు. ఆ దుమ్ముకు ఆశన్న దగ్గు ఎక్కువైంది.

"పట్నం హైకోర్టు నుంచి హుకుం వచ్చింది," అన్నాడు పేషీలు పిలిచే పేష్కారు తలెత్తకుండా. "పాత కేసులు జల్ది తెంపాల్నట. ముందుగాల ఎన్నున్నయో లెక్క రాసి పంపాలె. గది అయ్యేదాంక పేషీలు లేవు. వచ్చే నెల రా."

"జల్ది తెంపుమంటే వచ్చే నెల రమ్మంటరేంది సాబ్? నాది పాతదే గద. దొంగనా, కాదా, ఒక్క మాట జెప్పుండ్రి."

"నన్నేం పరేషాన్ చేస్తవ్? లెక్క పోయినంకనే."

దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటే ఇదే. ఆశన్నకు ఒళ్లు మండిపోయింది. ఆ కాగితాలన్నీ కుండలు కాల్చే ఆములో వేసి తగలబెట్టాలనిపించింది. చివరికి దండం పెట్టి మెట్లు దిగాడు.

ఇల్లు చేరేసరికి పొద్దు గూకింది. సత్తెమ్మ వాళ్లు ఎదురుచూసి చూసి కొల్లాపూర్ నుంచి కుండలు తెప్పించుకున్నారు. ఆ సంగతి తిమ్మమ్మ చెప్పలేదు, మేళం వీధి చివర వినబడుతూనే ఉంది. ఆశన్న గంజి ముట్టలేదు. గోడ వైపు తిరిగి పడుకున్నాడు. తెల్లవారుజామున దగ్గు ఆగిపోతే, ఇప్పటికి నిద్ర పట్టిందనుకుంది తిమ్మమ్మ.

మరుసటి పేషీకి ఆమె ఒక్కతే పోయింది.

"నా పెనిమిటి సచ్చిపోయిండు సాబ్. దొంగ కాదని జర రాయుండ్రి."

"ముద్దాయి పోతే తీర్పుండదమ్మా. కేసు ఖతం," అన్నాడు పేష్కారు. పక్క గుమాస్తా వైపు తిరిగి, "తెగిన కేసులల్ల ఇంకోటి కలుపు," అన్నాడు. అతని గొంతులో నిమ్మళం వినిపించింది.

తిమ్మమ్మ ఇంటికొచ్చి లోపలి గది తలుపు తీసింది. ఐరేని కుండలు వరుసగా బోర్లించి ఉన్నాయి. వాటి పక్కన, పేషీకి పోయిన పొద్దున ఆశన్న నానబెట్టిన సున్నం కొబ్బరి చిప్పలో గట్టిపడి, కుంచె అందులోనే నిలబడి ఉంది.